ముందు ఫైలు, తరవాత వైరు

"ముందు ఫైలు, తరవాత వైరు. మరిసిపోకే" అన్నాడు మా ఆయన. "నీ ఫైలు పాడుగాను, ముందు గంజి తాగు" అన్నాను. మా ఇద్దరి ఆఖరి మాటలు అవే. సగం గంజి తాగి అటు తిరిగి పడుకున్నవాడు మళ్ళీ లేవలేదు. పోయేముందు దేవుణ్ణి తలుచుకోలేదేమని చూడవచ్చినవాళ్ళు చెవులు కొరుక్కున్నారు. కొరుక్కోనీ.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, మొన్న మా మరిది మా ఆయన వేట పడవ, డింగీ, అమ్మేస్తానని కూర్చున్నాడు. డింగీలోని జీపీఎస్ సెట్టుకి అద్దం నల్లబడిపోయింది. మా ఆయన బతుకంతా తిరిగి గుర్తుపెట్టిన చోట్లు, ఏ రాయి దగ్గర చేప ఉంటుందో, ఎక్కడ వల చిరుగుతుందో, అన్నీ దాని కడుపులోనే ఉన్నాయి. ఆ పాయింట్లు పోయాక డింగీ ఉత్త చెక్కేనని మరిది మాట. పాయింట్లు పోలేదు, వైరుతో బయటికి వస్తాయని నా మాట.

ఆ వైరు సంగతి నా ఈడు వాళ్ళకి చెప్పాలి. సెట్టు తీగ చివర తొమ్మిది సూదుల వెడల్పు మూతి ఉంటుంది, కంప్యూటరుకేమో చిన్న నోరు, రెండింటికీ మధ్య చేతి వేలంత డబ్బీ ఒకటి తగిలించాలి. ఆ డబ్బీ మాట కంప్యూటరుకి అర్థం కావాలంటే లోపల కొన్ని ఫైళ్ళు ఉండాలి, లైబ్రరీ ఫైళ్ళు అనేవాడు ఆయన. అప్పట్లో మన దీవుల్లో నెట్టు ఎక్కడిది? ఆ ఫైళ్ళు విశాఖపట్నం నుంచి ఓడలో సీడీ మీద వచ్చాయి. ఓడ ఆలస్యమైతే మా ఊరు ప్రోతరాపూర్ నుంచి బస్సెక్కి రేవుకి వెళ్ళి కూర్చునేవాడు, పెళ్ళివారి కోసం ఎదురుచూసినట్టు. తరవాత వాటిని పెన్ డ్రైవులోకి ఎక్కించాడు, ఉప్పుగాలి తగలకుండా నేను బియ్యం డబ్బాలో దాచాను. వేటనుంచి వచ్చిన రోజు చాప మీద ఆయన కంప్యూటరు ముందు, నేను పాత చీర ముక్కతో సూదులు తుడుస్తూ పక్కన. అక్షరం రాకపోయినా ఆయన చేతులు ఏ వరసలో కదిలేవో నాకు కంఠతా వచ్చేసింది.

సెట్టూ డబ్బీ పట్టుకుని బజారుకి వెళ్తే, కంప్యూటర్లు బాగుచేసే అబ్బి డబ్బీ చూసి, "దీదీ, యే నక్లీ హై, ఫేంక్ దో" అన్నాడు, నకిలీదట, పారేయమని. "నక్లీ హై తో ఇత్నే సాల్ కైసే చలా భయ్యా?" అని అడిగాను. ఇన్నేళ్ళు ఎలా పనిచేసిందని నేనంటే నవ్వాడు. అతను ముందు వైరు పెట్టాడు, నెట్టు నుంచి కొత్త ఫైలు దానంతటదే దిగింది, దిగి, నీ మాట విననని మా పాత డబ్బీని వెళ్ళగొట్టింది. నేను చూస్తూనే ఉన్నాను.

ఇంటికొచ్చి మా అన్న కూతురి లాప్‌టాప్ తెరిపించాను. "ఏటొదినా, సదువు రాని దానివి, కంప్యూటరుకి నువ్వు సెప్తావేటి?" అన్నాడు మరిది.

"సదువొచ్చినోళ్ళు సేసింది సూసేను కదా. నువ్వు ఊరుకో."

నెట్టు ఆపించాను. అందులోనూ దిగి ఉన్న కొత్త ఫైలు తీయించాను. బియ్యంలోంచి పెన్ డ్రైవు తీసి పాత ఫైలు ఎక్కించమన్నాను. అప్పుడు, అప్పుడు మాత్రమే, నా చేత్తో వైరు గుచ్చాను. కాసేపటికి అంకెలు వరసగా దిగడం మొదలైంది. పిల్ల పేర్లు చదువుతోంది, ఒక రాయికి నా పేరు ఉంది. డింగీ అమ్మేది లేదు, ఎవరడిగినా ఇదే జవాబు.

ఇప్పుడు సముద్రం అడుగునుంచి నెట్టు తీగ వచ్చింది, అడగకపోయినా అన్నీ వచ్చి పడుతున్నాయి. వచ్చిన ప్రతి కొత్తదీ పాతదాన్ని గెంటేసే కూర్చుంటోంది. ఓడలో వచ్చినవాటికి ఆ పొగరు లేదు, వచ్చి మనతో ఉండేవి. నా ఇంట్లో పాతది పాతదిగానే ఉంటుంది. చూస్తాను ఎవరు తీస్తారో.

నేను చెప్పిందంతా రాశావా అమ్మా? ఏదీ, మొదటినుంచి చదువు. ఆయన మాట దగ్గర కొంచెం నెమ్మదిగా చదువు.