మొన విరిగిన ఈతముల్లు

పర్చూరు దగ్గరున్న మా ఊళ్లో ముల్లు దిగినవాళ్లు మాబూబీ ఇంటికి వెళ్తారు. పత్తి తీతలకు పోయే ఆడవాళ్లు, చిల్లకంప కొట్టేవాళ్లు, గేదెల వెంట తిరిగేవాళ్లు, అందరూ ఆమె అరుగు మీద కాలు చాపినవాళ్లే. ఆమె భర్త మీరా హుస్సేన్ బస్టాండు దగ్గర పంక్చర్లు వేస్తాడు. "ఆయన టైర్లకి తీస్తాడు, నేను మనుషులకి తీస్తా" అని నవ్వుతుందామె.

అరవై ఏళ్లొచ్చినా ఒకచోట కుదురుగా ఉండదు. ముల్లు తీసేటప్పుడు మాత్రం చెయ్యి కదలదు. ఎడమచేత్తో చర్మం బిగబట్టి, పిన్నీసుతో పైపొర చీల్చి, ముల్లు ఏ వాలున దిగిందో ఆ వాలునే పైకి లాగుతుంది. తుమ్మముల్లు తిన్నగా వస్తుంది. రేగుముల్లు వంకరగా ఉంటుంది కాబట్టి తిప్పి తీయాలి. నాగజెముడు నూగైతే మైనం కరిగించి పూసి, ఆరాక ఒక్క పట్టున లాగేస్తుంది. తీసిన ప్రతి ముల్లునూ వెలుగులో పెట్టి మొన చూస్తుంది.

పోయిన డిసెంబరులో, వాళ్ల వీధిలోనే ఉండే అఖిల పత్తిమూట నెత్తిన పెట్టుకుని కాలవగట్టు దిగుతూ జారి, మోకాళ్లు ఆనేలా ఎండిన ఈతమట్ట మీద పడింది. మోకాలిలో దిగిన ముల్లుతో మర్నాడు పొద్దున్నే కుంటుకుంటూ వచ్చింది. కూలీల ఆటో వీధి మొగలో హారన్ కొడుతోంది. మాబూబీ గబగబా ముల్లు లాగి మొన చూసింది. సూదిలా ఉండాల్సిన చివర మొద్దుగా ఉంది.

"అయిపోయిందా అత్తా?"

అరుగు మీద ఇంకో నలుగురు చూస్తున్నారు. ముప్ఫై ఏళ్లలో ఎప్పుడూ ముల్లు రాలేదనిపించుకోలేదామె.

"అయిపోయింది, పో" అంది.

ఆ మాట ఎందుకన్నదో ఆమెకే తెలియలేదు. వారం తిరిగేసరికి అఖిల మోకాలు బూరెలా పొంగింది. ఊళ్లో సూది వేసే ఆయన మందిస్తే తగ్గింది, మళ్లీ వచ్చింది. మాబూబీకి ఇంట్లో కాలు నిలవలేదు. పొయ్యి మీద అన్నం పెట్టి వీధిలోకి వచ్చేది. ఉప్పుకని వెళ్లి, అఖిల గుమ్మం ముందు నుంచి రెండుసార్లు నడిచి, ఉప్పు తేకుండానే తిరిగొచ్చేది. "ఎట్టా ఉందే?" అని అడగడం, జవాబు పూర్తిగా వినకుండానే వచ్చేయడం.

మిరపకోతలు మొదలయ్యేసరికి అఖిల గొంతుక్కూర్చోలేకపోయింది. గుంటూరు బ్రాడీపేటలో ఎముకల డాక్టరుకు చూపించారు. ఎక్స్‌రేలో ఏమీ లేదట. "కీళ్లవాతమంట, ఏళ్ల తరబడి మందులు మింగాలంట. ఇరవై ఆరేళ్ల పిల్లకి ఇదేం ఖర్మ!" అని అత్తగారు సుబ్బరావమ్మ పంపు దగ్గర అందరికీ చెప్పింది.

మాబూబీ బిందె అక్కడే వదిలేసి భర్త కొట్టుకు నడిచింది. మీరా హుస్సేన్ ఒక సైకిల్ టైరు లోపల వేళ్లతో తడుముతున్నాడు.

"ముల్లు తీసేశావుగా, ఇంకేం వెతుకుతున్నావ్?"

"మొన ఉండిపోయిందేమోనని. ఉంటే కొత్త ట్యూబు కూడా పోద్ది."

ఆమె నిలబడే మొత్తం చెప్పేసింది. ఆయన టైరు పక్కన పెట్టాడు.

"ఆ పిల్లకి చెప్పావా?"

"లేదు."

"మరి నాకు చెప్తే ఏం లాభం?"

అటు నుంచి అటే అఖిల ఇంటికి వెళ్లింది. సుబ్బరావమ్మ గొంతు వీధంతా వినపడింది. "రెండు నెలల్నుంచి మా గుమ్మం ముందు తిరుగుతా నోరు మెదపలేదా!" మాబూబీ తలెత్తలేదు. అఖిల అంది, "ముల్లు సంగతి డాక్టరుకి చెప్పా అత్తా. తీశారా అంటే తీశారన్నా. ఆయన ఇంక దాని ఊసే ఎత్తలా. రేపు నువ్వు కూడా రా."

ఆసుపత్రిలో మాబూబీ బెంచీ మీద కూర్చోలేదు. పిలుపు వచ్చేదాకా తలుపుకీ కిటికీకీ మధ్య తిరుగుతూనే ఉంది.

"ఎక్స్‌రేలో ఏం లేదు కదమ్మా" అన్నాడు డాక్టరు.

"మొన విరిగిందండీ. నేనే తీశా, నా కళ్లతో చూశా. చెప్పకుండా దాచా."

డాక్టరు రాస్తున్న పెన్ను ఆపాడు. "చెట్టు ముల్లు ఎక్స్‌రేలో కనపడదు. స్కానింగ్ తీద్దాం."

స్కానింగులో కీలు లోపల సన్నటి గీత కనిపించింది. రెండు రోజుల తర్వాత ఆపరేషన్ చేసి బియ్యపుగింజంత ముక్క తీశారు. వాతం మందులు మానేయమన్నారు.

నెలన్నరకు అఖిల మామూలుగా నడిచింది. ఆఖరి కోతకు చేలోకి కూడా వెళ్లింది. సుబ్బరావమ్మ మాత్రం మాబూబీ ఎదురైతే ఇప్పటికీ మొహం తిప్పుకుంటుంది. అఖిల వస్తూ పోతూ పలకరిస్తుంది. "నా మీద కోపం లేదా నీకు?" అని మాబూబీ ఒకసారి అడిగింది. "ఉంది. ఉంటే పలకరించకూడదా?" అంది అఖిల.

కొన్నాళ్లు మాబూబీ పిన్నీసు ముట్టలేదు. తర్వాత ఒకరోజు కంప కొట్టే యేసుపాదం వేలి కణుపులో ముల్లుతో వచ్చాడు. ఆమె వేలు అటూ ఇటూ వంచి చూసి లేచింది.

"కీలు మీద దిగింది. నేను తియ్యను. ఆసుపత్రికి పద."

"ఇంత దానికి ఆసుపత్రేంటి మాబూబీ? నువ్వు తియ్యలేవా?"

"తియ్యలేను" అంది. ఆ మాట అనడం ఆమెకు అదే మొదటిసారి. అతను సణుగుతూ ఉండగానే చెప్పులేసుకుని, బస్టాండు దాకా అతని ముందే నడిచింది.