మేనేజరుగారికి శాలువా

ముగ్గురు తెలుగువాళ్ళుంటే ఒక సంఘం, నలుగురుంటే రెండు సంఘాలు అని మనకి ఎలాగూ పేరుంది. కెనడాలో ఉన్న ఈ రెజైనాలో మాత్రం ఒక్కటే సంఘం. అది ఆ ఊరి అదృష్టమనే అనుకోవాలి. ఆ సంఘంలో ఏ పనిబడ్డా అందరికీ ముందు గుర్తొచ్చే మనిషి విశాలాక్షి. ఉగాది పచ్చడికి ఎండబెట్టిన వేపపువ్వు ఎవరింట్లో ఉందో ఆవిడకే తెలుసు. కొత్తగా దిగిన పిల్లలకి పాత పరుపులూ, చలికోట్లూ సేకరించి పెట్టేదీ ఆవిడే. అన్నీ ఉన్న ఆ మనిషికి లేనిదల్లా ఒక్కటే, కాదని చెప్పే నోరు.

ఆవిడ విజయనగరం వైపు ఒక జూట్ మిల్లు కార్మికుడి కూతురు. తండ్రి ఆంజనేయులు మేడే వచ్చిందంటే తెల్లవారకముందే లేచి, ఉతికిన చొక్కా తొడుక్కుని, ఎర్రజెండా భుజాన వేసుకుని బయల్దేరేవాడు. "చికాగోలో ఎనిమిది గంటల పని కోసం మనుషులు ఉరికంబం ఎక్కారమ్మా. వాళ్ళ పుణ్యానే నేను పొద్దుగూకేసరికి ఇంటికొచ్చి మీతో కూచుని అన్నం తింటన్నాను," అని పిల్లలకి చెప్పేవాడు. ఆ చికాగో ఎక్కడుందో ఆయనకి తెలీదు. విశాలాక్షి పెళ్ళయి కెనడా వచ్చాక మ్యాపులో చూసుకుంది, ఫరవాలేదు, దగ్గరే అనుకుంది. తీరా మొదటి మేడే వచ్చేసరికి ఊరంతా మామూలుగా పనికి పోయింది. ఇక్కడ కార్మికుల సెలవు సెప్టెంబరులోనట. అమెరికాలోనూ అంతేనట. ఎవరింట్లో పుట్టిన బిడ్డని వాళ్ళే గుర్తుపట్టకపోతే ఎలా అని భర్త శేషగిరితో అంటే, ఆయన నవ్వేశాడు.

ఊరి చివర పప్పుల ఫ్యాక్టరీలో ఆవిడకి పని దొరికింది. చుట్టుపక్కల పొలాల్లో పండే ఎర్రపప్పు అక్కడికి వస్తుంది. దాన్ని శుభ్రం చేసి, పొట్టు తీసి, బస్తాలకెత్తి ఇండియా దాకా పంపుతారు. ఆ దుమ్ములో ఏళ్ళ తరబడి పనిచేసి విశాలాక్షి ఒక లైనుకి పెద్ద అయింది, యూనియన్‌లోనూ నలుగురికీ కావలసిన మనిషి అయింది. కోతల కాలంలో బలవంతపు ఓవర్‌టైమ్ మరీ ఎక్కువైపోవడంతో 2023 చలికాలం చివర్లో అందరూ సమ్మెకి దిగారు. గేటు ముందు ఇనపపీపాలో మంట వేసుకుని, నినాదాలు రాసిన అట్టలు పట్టుకుని నిలబడ్డారు. చేతి తొడుగుల మీద తొడుగులు వేసుకున్నా వేళ్ళు కొంకర్లుపోయే చలి. అయినా ఆవిడకి ఆ రోజుల్లో లోలోపల ఒక గర్వం. నాన్న చూస్తే ఎంత బాగుండేదో అనుకునేది.

అక్కడ ఆవిడ పక్కన నిలబడేది డోరీన్. పుట్టింది పెరిగింది అక్కడే, నోట్లో మాట దాగదు. మంట చుట్టూ చేరినప్పుడు ఆ ఊరి కథలు చెప్పేది. పందొమ్మిది వందల ముప్పైల్లో పనుల్లేని కుర్రాళ్ళు గూడ్సు బళ్ళ మీదెక్కి, తమ గోడు చెప్పుకోడానికి రాజధాని ఒట్టావాకి బయల్దేరితే, రెజైనాలోనే ఆపేశారట. జులై ఒకటో తారీకున మార్కెట్ చౌకులో మీటింగు పెట్టుకుంటే పోలీసులు మీద పడ్డారట. "ఈ దేశంలో సమ్మె విరగ్గొట్టాలంటే ఎప్పుడూ కొత్తగా దిగినవాళ్ళనే తెచ్చేవాళ్ళు. వాళ్ళకి భాష రాదు, భయమెక్కువ. మా తాత ఉక్రెయిన్ నుంచి వచ్చి చేసిన మొదటి ఉద్యోగం అలాంటిదే. చచ్చేదాకా ఆ సంగతి ఎవరికీ చెప్పుకోలేదు," అంది ఒకసారి. అంతలోనే విశాలాక్షి మొహం చూసి నాలుక్కరుచుకుంది.

ఎందుకంటే సమ్మె మొదలైన వారానికే తెల్ల వ్యాన్ ఒకటి గేటు దాటి లోపలికి పోవడం మొదలుపెట్టింది. అందులో ఉన్నది మన పిల్లలే. కాలేజీల్లో చేరడానికి విమానాల కొద్దీ దిగిన ఏడాది అది. విద్యార్థులు వారానికి ఇరవై గంటలే పనిచేయాలన్న నిబంధన కూడా ప్రభుత్వం ఎత్తేసింది కాబట్టి ఎన్ని గంటలైనా పనిచేస్తామనేవాళ్ళు, పనులు మాత్రం లేవు. ఫ్యాక్టరీ మేనేజరు గ్రెగ్, మన తెలుగు సంఘం అధ్యక్షుడు వీరభద్రరావుగారికి ఫోన్ చేసి మనుషులు కావాలన్నాడు. ఆయన వాట్సాప్ గ్రూపులో "జాబ్స్ ఉన్నాయి, రైడ్ ఉంది, ఇంట్రెస్ట్ ఉన్నవాళ్ళు పింగ్ చేయండి" అని పెట్టేశారు. సమ్మె మాట రాయలేదు. రాయాలని ఆయనకి తోచి ఉండదు కూడా. పిల్లలకి పుణ్యం చేస్తున్నానన్నదే ఆయన ఊహ. పుణ్యానికి పోతే పాపం ఎదురైందని ఊరికే అన్నారా!

విశాలాక్షికి తల కొట్టేసినట్టయింది. తను పరుపులిచ్చిన పిల్లలు, తన వంటింట్లో పులిహోర తిన్న పిల్లలు, తన పని లాక్కోడానికి తన ముందునుంచే పోతున్నారు. గేటు దగ్గర సెక్యూరిటీవాళ్ళు ప్రతి బండినీ కాసేపు ఆపి, అందులో ఉన్నవాళ్ళతో సమ్మెవాళ్ళని మాట్లాడనిచ్చేవారు. ఆ వ్యాన్ వచ్చినప్పుడల్లా యూనియన్‌వాళ్ళు ఆవిడనే ముందుకి తోసేవాళ్ళు. వ్యాన్ నడిపేది కిరీటి, కరీంనగర్ కుర్రాడు. వాళ్ళలో లైసెన్సు ఉన్నది అతనొక్కడికే, ఫ్యాక్టరీ దాకా బస్సుల్లేవు. అతను తాళంచెవి పక్కన పెడితే మిగతావాళ్ళు రావాలన్నా రాలేరు, లోపల లైన్లు ఆగిపోతాయి. ఆ సంగతి విశాలాక్షికీ తెలుసు, యూనియన్‌కీ తెలుసు.

ఆవిడ వాళ్ళని ఏనాడూ తిట్టలేదు. రోజుకింత చెప్పుకుంటూ వచ్చింది. ఎందుకు బయట నిలబడ్డారో, ఆ ఎనిమిది గంటలు ఎవరు తెచ్చారో, రేపు వాళ్ళు ఇక్కడే స్థిరపడితే ఆ గంటలు ఎవరికి కావాలో చెప్పింది. కిరీటి భయమంతా ఒకటే, రేపు ఇక్కడ శాశ్వత నివాసం రాకుండా పోతుందేమోనని.

"మా పీఆర్‌కి ఏమన్న ఎఫెక్ట్ అయితదా ఆంటీ, జాబ్ వదిలేస్తే?"

"కాదు బాబూ. నేను అడిగి కనుక్కున్నాను. వేరే పని నేను చూసి పెడతాను కదా."

చివరికి ఉగాది ముందు శుక్రవారం అతను కిటికీ అద్దం దించి, "మండే నుంచి వ్యాన్ తియ్యను ఆంటీ. గ్రెగ్ సార్‌కి చెప్పేస్త," అన్నాడు. విశాలాక్షి పరుగున వెళ్ళి డోరీన్‌కి చెప్పింది. డోరీన్ గట్టిగా కౌగిలించుకుని, అందరికీ వినబడేలా ఆ మాట అరిచింది. మంట చుట్టూ చప్పట్లు మోగాయి.

ఉగాది సభ ఆ మర్నాడు, శనివారం, అద్దెకు తీసుకున్న స్కూలు హాల్లో. పంచాంగ శ్రవణం అయింది, పిల్లల నాట్యాలు అయ్యాయి. అప్పుడు వీరభద్రరావుగారు మైకు పుచ్చుకుని, మన విద్యార్థులకు ఉపాధి కల్పించిన ఉదారులంటూ గ్రెగ్‌ని వేదిక మీదికి పిలిచారు. అతను కొత్త కుర్తా తొడుక్కుని, ఎవరో నేర్పినట్టున్నారు, చేతులు జోడించి వంగి మరీ దణ్ణం పెట్టాడు. హాలంతా మురిసిపోయింది. మనకి ఒక తెల్లవాడు దణ్ణం పెడితే చాలు, ఆస్తులు రాసిచ్చేస్తాం.

"ఇప్పుడు వారికి శాలువా కప్పి సత్కరించవలసిందిగా, అదే సంస్థలో ఎన్నో ఏళ్ళుగా పనిచేస్తున్న మన సోదరి శ్రీమతి విశాలాక్షిగారిని సగౌరవంగా వేదిక మీదికి ఆహ్వానిస్తున్నాము."

ఆవిడకి ముందు ఒక్క ముక్క చెప్పలేదు. కుర్చీలోంచి లేవలేదు. వెనకనుంచి ఎవరో "వెళ్ళండి వెళ్ళండి" అన్నారు. పక్కన శేషగిరి మోచేత్తో పొడిచి, "లే, అందరూ చూస్తున్నారు. తర్వాత చూసుకుందువుగాని," అని గొణిగాడు. ముందు వరసలో కిరీటీ, అతని స్నేహితులూ వెనక్కి తిరిగి ఆవిడ వంకే చూస్తున్నారు. పండగపూట సభ పాడుచేసిందన్న మాట పడటమా? పెద్దమనిషి మైకులో పిలిస్తే కాదనడమా? మొహమాటానికి పోతే కడుపైందని మనవాళ్ళు మోటుగా అన్నా, ఉన్నమాటే అన్నారు. ఆవిడ లేచి, మెట్లెక్కి, పళ్ళెంలో శాలువా తీసి గ్రెగ్ భుజాల మీద కప్పింది. ఒక వైపు జారుతుంటే పైకి లాగి సర్దింది కూడా. ఫోటో తీసే కుర్రాడు నవ్వమంటే నవ్వింది. హాలంతా చప్పట్లు కొట్టింది.

ఆదివారమంతా ఆవిడని కాల్చుకు తిన్నది ఆ సర్దడమే. కప్పమన్నారు, కప్పాను. నవ్వమన్నారు, నవ్వాను. జారుతున్న అంచుని సర్దమని ఎవరన్నారు? ఆ చేతులు తనవేనా? వాట్సాప్‌లో ఆ ఫోటో కింద అందరూ గులాబీలూ, నమస్కారాలూ పెడుతున్నారు. ఆవిడ ఫోన్ బోర్లించి పెట్టేసింది. నాన్న బతికి ఉంటే ఆ ఫోటో చూసి ఏమీ అనేవాడు కాదు. చొక్కా తొడుక్కుని బయటికి వెళ్ళిపోయేవాడు, అంతే. ఆ సంగతి తలుచుకుని వంటింట్లో గరిట పట్టుకునే ఏడ్చింది. సోమవారం ఒంట్లో బాగాలేదని ఇంట్లో ఉండిపోదామనుకుంది. కానీ వ్యాన్ రాదు కదా, కనీసం అది చూస్తే మనసు కుదుటపడుతుందని వెళ్ళింది.

గేటు దగ్గర అందరూ హుషారుగా ఉన్నారు. డోరీన్ దాల్చినచెక్క బన్నులు తెచ్చి పంచుతోంది. వేళకి సరిగ్గా రోడ్డు మలుపులో తెల్ల వ్యాన్ కనబడింది. దగ్గరికొచ్చి ఆగింది. నడుపుతున్నది కిరీటీయే.

విశాలాక్షి కిటికీ దగ్గరికి వెళ్ళింది. అతను అద్దం దించి హాయిగా నవ్వాడు.

"హ్యాపీ ఉగాది ఆంటీ. ఫంక్షన్ మస్తుండె."

"ఇదేంటి బాబూ? రానన్నావు కదా?"

"మీరే సార్‌కి శాలువా కప్పిన్రు కద ఆంటీ? కాంప్రమైజ్ అయిపోయిందనుకున్న. సార్‌కి చెప్పనే లేదు ఇగ." అతని నవ్వు మెల్లగా పోయింది. "కాలేదా?"

"కాలేదు నాన్నా. పిలిస్తే కాదనలేక కప్పాను. తప్పు చేశాను. సిగ్గుగా ఉంది."

కిరీటి స్టీరింగు వంక చూశాడు. 

"మేం గూడ అంతే గద ఆంటీ," అన్నాడు. "స్ట్రైక్ అని ఫస్ట్ రోజే తెలిసింది మాకు. వీరభద్రరావు అంకుల్ ఇప్పించిన జాబ్, ఎట్ల వద్దంటం? మీరంత పెద్దోళ్ళు, మీరే అనలేకపోయిన్రు."

ఆపాల్సిన సమయం అయిపోయిందని సెక్యూరిటీ మనిషి చెయ్యి ఊపాడు. విశాలాక్షి పక్కకి జరిగింది. వ్యాన్ లోపలికి పోయింది, గేటు మూసుకుంది.

మంట దగ్గరున్న వాళ్ళంతా ఆవిడనే చూస్తున్నారు. డోరీన్ చేతిలో బన్నుల డబ్బా అలాగే ఉంది.

"ఏమైంది? రానన్నాడని చెప్పావు కదా?"

"నా వల్లే వచ్చాడు," అంది విశాలాక్షి. ఇంగ్లీషులో తడుముకుంటూ, అందరి ముందూ, శనివారం జరిగిందంతా చెప్పింది. శాలువా అంటే ఏమిటో, మనవాళ్ళు దాన్ని ఎవరికి కప్పుతారో చెప్పింది. జారిన అంచు సర్దానని కూడా చెప్పింది. చెబుతున్నంతసేపూ ఎవరి కళ్ళలోకీ చూడలేకపోయింది.

డోరీన్ అడిగింది. "నిన్ను బెదిరించారా?"

"లేదు."

"ఉద్యోగం పోతుందన్నారా?"

"లేదు డోరీన్. ఎవ్వరూ ఏమీ అనలేదు," అంది విశాలాక్షి. "చాలా గౌరవంగా పిలిచారు."