దుబాయిలున్నడు

మీసేవ నడిపే శ్యాంసుందర్ కంప్యూటర్ మీంచి చూపు తిప్పకుండానే చెప్పాడు. "అక్కా, హర్షిణి దరఖాస్తు ముందటికి పోతలేదు. తహసీల్ ఆఫీసుల ఆదాయం సర్టిఫికెట్ ఇచ్చేది లేదన్నరు."

పొద్దంతా బీడీలు చుట్టే మనిషి తన లేమిని కూడా రుజువు చేసుకోవాలా అని నవనీత అనుకుంది, పైకి అనలేదు. కూతురు హర్షిణికి కరీంనగర్‌లో ఇంజినీరింగ్ సీటు వచ్చింది. ఫీజు సర్కారు కడితేనే ఆ సీటు నిలిచేది. స్కాలర్‌షిప్ దరఖాస్తుకు నెలాఖరే గడువు. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడని ఊరికే అనలేదు పెద్దలు.

"ఎందుకియ్యరట తమ్మీ?"

"ఎంక్వైరీకి వచ్చిన గిర్దావర్ సారుకు నువ్వేం చెప్పినవ్? మల్లేష్ బావ దుబాయిలున్నడన్నవట గద. దుబాయి కమాయి ఉన్నోళ్లకు ఆదాయం లేదని ఎట్ల రాసిస్తరు?"

చెప్పిన మాట నిజమే. తొమ్మిదేళ్లుగా మొగుడి గురించి ఎవరడిగినా ఆమె నోటికి వచ్చేది ఆ ఒక్క మాటే. రేషన్ షాపులో అడిగినా, పెళ్లి బంతిలో పక్క విస్తరి ముందు కూర్చున్నావిడ అడిగినా, "దుబాయిలున్నడు" అనేది, అదీ గట్టిగా. మల్లేష్ దుబాయి వెళ్లిన మాట వాస్తవం. కొన్నాళ్లు ఫోన్లు చేసిన మాటా వాస్తవమే. తర్వాత కల్లివెల్లి అయ్యాడని, అంటే కంపెనీ వదిలి చాటుమాటుగా బయట పని చేసుకుంటున్నాడని, తోటివాళ్లు చెప్పారు. అంతే, ఇక ఫోనూ లేదు, మనిషీ లేడు. అక్కడి నుంచి తిరిగొచ్చిన వాళ్లను అడిగితే నేల చూపులు చూశారు. నవనీత మాత్రం పుస్తెలు తీయలేదు, బొట్టు మానలేదు. ఊళ్లో పెళ్లంటే పసుపు దంచుడుకు మొదటి పిలుపు ఆమెకే. ఆమె చేతిలో రోకలి పోటు తప్పదని పేరు.

"మరి ఇప్పుడేం జెయ్యాలె?"

"ఏడేండ్లు దాటినా ఆచూకీ లేదని పంచనామా రాయాలె. మీ అత్త, ఇరుగుపొరుగోళ్లు, నువ్వు దస్కత్ పెట్టాలె. అప్పుడు నీ ఆదాయమొక్కటే చూసి సర్టిఫికెట్ ఇస్తరు." శ్యాంసుందర్ గొంతు తగ్గించాడు. "జర ఆలోచించుకో అక్కా."

ఆలోచించుకునేందుకు ఏముంది? ఒకవైపు పిల్ల చదువు, ఒకవైపు మొగుడి పేరు. ఆమె ఇంటికి వెళ్లి మళ్లీ బీడీల చాట ముందేసుకుంది.

రెండు రోజులకు రెవెన్యూ ఆఫీసు గిర్దావర్ వచ్చి, ఆమె ఇంటి అరుగు మీదే కూర్చుని పంచనామా రాశాడు, రాసింది చదివి వినిపించాడు. "సదరు మల్లేష్ జీవించి ఉన్నట్లు ఎలాంటి ఆధారం లేదు." పక్కింటి రామవ్వ కొంగుతో కళ్లొత్తుకుని సంతకం చేసింది. అత్త బాలవ్వ, "కాయితం కోసమే గద సారూ," అని ఒకటికి రెండుసార్లు అడిగి వేలిముద్ర వేసింది. నవనీత వంతు వచ్చింది. ఏడుపొస్తుందని పొద్దుటి నుంచి భయపడింది గానీ, రాలేదు. చలికాలం తడి తునికాకు పట్టుకుంటే వేళ్లకు ఏదీ తెలియదు చూడండి, లోపలంతా అలా ఉంది. పేరు మొత్తం పొందికగా రాసింది.

"చక్కగ రాసినవమ్మా," అన్నాడు గిర్దావర్. ఆయన మంచివాడే. ఆ వేళకు ఆ మాట తప్ప ఇంకేమన్నా బాగుండేది.

సర్టిఫికెట్ వచ్చింది. గడువు లోపలే దరఖాస్తు కూడా పడింది. హర్షిణి సైకిల్‌ను గోడకు పడేసి లోపలికి పరుగెత్తుకొచ్చింది. "అమ్మా, దరఖాస్తు తీసుకున్నరు. ఇగ ఫికర్ లేదు."

"మంచిగైంది బిడ్డా. కాళ్లు కడుక్కొని బువ్వ తిను," అంది నవనీత. సంతోషించాలని ఆమెకు తెలుసు. అది కూడా రాలేదు.

పై వారమే రామవ్వ కూతురి పెళ్లి పనులు మొదలయ్యాయి. రామవ్వ కుంకుమ భరిణె పట్టుకుని గుమ్మంలోకి వచ్చింది. "పసుపు దంచేదుంది నవనీతా. నువ్వు రాకుంటే షురూ చెయ్యం. లే."

"నేను రాను వదినె."

రామవ్వకు సంగతి తట్టడానికి కాస్త సమయం పట్టింది. "గా పంచనామనా? గది పిల్ల సదువు కోసం రాసిన కాయితం. మేమంత గందుకే దస్కత్ పెట్టినం. నువ్వెందుకు మనసుల పెట్టుకుంటవ్?"

"మీరు పిల్ల కోసం పెట్టిన్రు," అంది నవనీత బీడీ చుట్టడం ఆపకుండా. "నేను నిజమనుకొనే పెట్టిన."

రామవ్వ భరిణె మూత వేసుకుని వెళ్లిపోయింది.

అరుగు మీదున్న బాలవ్వ అంతా విన్నది. ఇక శాపనార్థాలు మొదలవుతాయని నవనీత ఎదురుచూసింది. తిడితే బాగుండుననీ అనిపించింది, కనీసం ఏదో ఒకటి తగిలేది. ముసలామె కర్ర ఊతంతో మెల్లగా వచ్చి చాట పక్కన కూర్చుంది. రాలిన పొగాకును చేత్తో దగ్గరికి చేసింది.

"వాడు లేడని నాకెప్పుడో ఎర్కైంది బిడ్డా," అంది. "నువ్వు బొట్టు పెట్టుకుంటున్నవని ఊకున్న."

నవనీత చేతిలో బీడీ ఆగిపోయింది. ఇన్నేళ్లూ ఎవరడిగినా ఆ దుబాయి మాట అంత గట్టిగా చెప్పింది, అరుగు మీదున్న ఈ ముసలామెకు వినపడాలనే.