అంకమ్మ ఆటోలో పాడిన పాట

ఎడ్లపాడు దగ్గరి స్పిన్నింగు మిల్లు మెస్సులో వంట చేసే అంకమ్మకు యాభై దాటాయి. మోకాళ్ళు పట్టేసి కూర్చుంటే లేవలేదు. అయినా రెండు పూటలా నలభై మంది బెంగాలీ కార్మికులకు వండి పెట్టాలి. నా పేరు జహంగీర్, మిల్లు గేటు దగ్గర ఆటో పెట్టుకుంటాను. రోజూ ఆమె చేతి టీ తాగేవాణ్ణి కాబట్టి ఈ సంగతి నేనే చెప్పాలి.

ఆ బెంగాలీ వాళ్ళకు ఒక పాత సినిమా పిచ్చి. పాములాడించేవాళ్ళ పిల్లను రాజకుమారుడు ప్రేమిస్తాడు. అతన్ని పాము కరిస్తే ఆ పిల్ల బూర ఊది, పాట పాడి, కరిచిన పామునే రప్పించి విషం తీయిస్తుంది. వాళ్ళ ఊళ్ళలో ఇప్పటికీ దాన్ని నాటకంగా ఆడతారట, ఆడపిల్లలకు ఆ నాయిక పేరే పెడతారట. ప్రతి ఆదివారం మెస్సులో ఫోను గోడకు ఆనించి అదే సినిమా. నాకు విసుగొచ్చేది.

ఒకసారి అంకమ్మ అది చూసి నవ్వింది. "బూర అట్టా పట్టుకుంటారంటయ్యా? ఆ పాముకి కోరలే లేవు" అంది. నీకెలా తెలుసని అడిగితే నోరు జారింది. వాళ్ళ నాన్న పాములాడించేవాడు. పామోళ్ళ చేతి అన్నం ఎవరు తింటారన్న భయంతో ఆ మాట దాచి పనిలో చేరింది. ఆ కుర్రాళ్ళు మాత్రం లేచి కాళ్ళకు దండం పెట్టారు. అప్పటిదాకా మాసీ, అంటే పిన్నీ, అనేవాళ్ళు కాస్తా నాయిక పేరుతో పిలవసాగారు. "నా కులం చెప్తే దండం పెట్టింది వీళ్ళే జహంగీరూ" అని ఆమె నా దగ్గర కళ్ళు తుడుచుకుంది.

మొన్న వానాకాలం ఒక మధ్యాహ్నం, దూది చెత్త కుప్ప దగ్గర తపన్ అనే కార్మికుణ్ణి రక్తపింజరి కరిచింది. అతన్ని మోసుకొచ్చి అంకమ్మ వంటింటి ముందు పడుకోబెట్టి, పాడమన్నారు. నాకు ఒళ్ళు మండింది. "మీ సినిమా తగలెయ్య, ఆస్పత్రికి పదండి" అని హిందీలో అరిచాను. ఒక్కడు కదిలితేనా. కాలు అప్పటికే వాచిపోతోంది.

"నాకేం రాదు నాయనా, అదంతా అబద్ధం" అంది అంకమ్మ. వాళ్ళు నమ్మలేదు. ఆమెకు కోపం వచ్చిందనుకుని మళ్ళీ కాళ్ళు పట్టుకున్నారు. ఆమె తపన్ కాలు చూసింది, నా ఆటో చూసింది.

"సరే, పాడతా. కదిలే బండిలోనే పాడాలి, మా కట్టుబాటది. ఎక్కించండి."

చిలకలూరిపేట ఆస్పత్రి దాకా నేను హారన్ మీద చెయ్యి తీయలేదు. వెనక ఆమె, ముక్క అర్థం కాని ఆ బెంగాలీ పాటను, ఆదివారాలు విని విని నోటికొచ్చినంత మేర, గొంతు పోయేదాకా పాడింది. సూదిమందు పడింది. వారం తర్వాత తపన్ నడిచి వచ్చాడు.

ఇప్పుడు పక్క మిల్లుల వాళ్ళు కూడా ఆమెకు దండం పెట్టి పోతున్నారు. సూదిమందుకు బతికాడని ఆమె ఎంత చెప్పినా నవ్వి తల ఊపుతారు. నిన్న టీ ఇస్తూ, చానా అలిసిపోయాను జహంగీరూ, అంది.

"పోనియ్యి అక్కా, మనిషి బతికాడుగా" అన్నాను.

"పాము కరిస్తే మా నాయన్ని కూడా ఇట్టాగే పడుకోబెట్టాం. మా అమ్మ పొద్దుగూకేదాకా బూర ఊదింది. మేమూ నమ్మినోళ్ళమే." ఖాళీ గ్లాసు అందుకుని గేటు వైపు చూసింది. "రేపు ఇంకొకణ్ణి తెస్తారు. నువ్వు మాత్రం ఆటో ఇక్కణ్ణించి తియ్యమాక."