గుడి గోడలో నా ఇసుక

నా చిన్నప్పుడు మా ఊర్లో లూథరన్ గుడి ఇప్పటి మాదిరి రాతి గుడి కాదు. మట్టి గోడలు, పైన బోదగడ్డి కప్పు. మా ఊరు దొడ్డబళ్ళాపురం అవతల ఉండాది. వాన పడితే పాస్టరయ్య పుస్తకాన్ని చొక్కా లోపల దాచుకొని వాక్యం చెప్పేవాడు, మేమంతా కారని చోటు చూసుకొని జరిగి జరిగి కూర్చుంటా ఉంటిమి. అంతకు ముందు ఆ జాగాలో పశువుల కొట్టం ఉండెనంట, మా అవ్వ చెప్పేది. నేను మూడో క్లాసు దాకానే చదివినా. రాసేది అలవాటు లేదు, తప్పులుంటే సర్దుకోండప్పా.

రాతి గుడి కట్టాలని పెద్దలు అనుకున్నప్పుడు మా వాళ్ళ దగ్గర ఇచ్చేదానికి ఏముండాది? అందుకని ఇంటింటా ఒక పిడికిలి కుండ పెట్టిరి. వంట చేసే ముందు ఆడోళ్ళు పిడికెడు బియ్యం తీసి దాంట్లో వేసేది, ఆదివారం గుడికి తెచ్చేది. గోడలు కట్టేవాళ్ళకి ఆ బియ్యంతోనే అన్నం. మా ఇంట్లో దినామూ రాగి సంగటే. సంగట్లోకి వేసే కొంచెం బియ్యంలోనించే మా అమ్మ పిడికెడు తీసేది. అయినా ఆదివారానికి మా కుండ అంచు దాకా ఉండేది. మా అమ్మకి ఉండే గొప్ప అదొక్కటే.

నాకేమో పచ్చి బియ్యమంటే పిచ్చి. ఏడేండ్లుంటాయేమో అప్పుడు. ఒక వారం అమ్మ చేనికి పోయినప్పుడల్లా కుండలో చెయ్యి పెట్టి, ఇంత, ఇంకింత అని నమిలేస్తి. శనివారం చూస్తే కుండ సగం కూడా లేదు. భయమేసింది. గుడి పక్కన గోడల కోసం తోలిన ఇసుక కుప్ప ఉండె. ఒడిలో సన్న ఇసుక తెచ్చి, కుండ అడుగున పోసి, పైన బియ్యం పరిచేస్తి. చూసేదానికి నిండుగా ఉండాది. అంతే చాలనుకుంటి.

మా ఊర్లో బైబిలమ్మ అని ఒకామె ఉండె. ఇంటింటికీ తిరిగి ఆడోళ్ళకి వాక్యం చెప్పేది. తెల్ల చీర, భలే ఎగతాళి మనిషి. ఆదివారం ముందర పెద్ద గంప పెట్టుకొని, అందరి కుండలూ ఆమే గంపలో పోసేది. ఆ దినం అమ్మ కుండ నా చేతికిచ్చి ముందరికి పంపింది. అప్పుడు తెలిసింది నాకు. గంపలో ఇసుక పడితే ఇంతమంది ముందర తల దించుకునేది మా అమ్మ, నేను కాదు.

బైబిలమ్మ కుండ ఎత్తి, బరువు చూసి, నా మొహం చూసింది. పోయలేదు.

"రాళ్ళుండాయి, ఏరి పోస్తాంలే" అని పక్కన పెట్టేసింది.

ఆరాధన అయినాక నన్ను గుడి వెనక్కి తీసకపోయి కుండని జల్లెడలో బోర్లించింది. ఇసుకంతా కిందికి రాలిపోయి, జల్లెడలో చారెడు బియ్యం మిగిలింది. నేను ఏడుస్తా నిలబడినా.

"గుడి ఇసుకేనా?"

తలూపినా.

"దేవుడి ఇసుకని దేవుడికే కానిక తెస్తివే! గట్టిదానివే నువ్వు" అని నవ్వింది. తిట్టలేదు. రాలిన ఇసుకని చేటలోకెత్తి సున్నం గానుగలో పోసింది. ఎద్దులు తిప్పితే సున్నం, ఇసుక కలిసి గోడకి గార అయ్యేది దాంట్లోనే. ఆ తర్వాత తన కుండలో బియ్యం మా కుండలోకి అంచు దాకా ఒంపింది. ఆమె కుండలో అడుగు కనబడతా ఉన్నింది.

అంతలో అమ్మ వచ్చింది, మొహం చిన్నబోయి. "మా కుండలో రాళ్ళేంటక్కా? నేను చూసే వేసినానే!"

"ఏరేసినాంలేమ్మా. నీ బిడ్డ బాగా ఏరతాది. ఒక మాట, రేపట్నించి పిడికెడు వేసే పని దీనికియ్యి."

అమ్మకి ఏమీ అర్థం కాలేదు, నాకు అయింది. దొంగ చేతికే కుండ ఇచ్చిపోయింది మహాతల్లి. మర్నాటి నించి నేనే వేస్తి. నా పిడికిలి చిన్నదని రెండుసార్లు వేసేదాన్ని. మళ్ళీ తినలేదని అబద్ధం చెప్పను, ఒకసారి తిన్నా. నేను వేసింది నేనే తింటే ఎందుకో రుచి లేకపోయె.

గుడి లేచింది. తలుపు పక్కన రాతి మీద పాస్టరయ్యల పేర్లుండాయి, పెద్దల పేర్లుండాయి. బైబిలమ్మ పేరు లేదు. ఊరికి పోయినప్పుడు నేను ఎడమ పక్క గోడ మీద చెయ్యి పెట్టి వస్తా. నా ఇసుక పోయింది ఆ గోడలోకే. అమ్మ పోయేదాకా ఈ సంగతి ఆమెకి చెప్పలేదు.

ఇప్పుడు బెంగళూరులో కొడుకింట్లో ఉండా. కుక్కర్లో బియ్యం పోసే ముందు ఇప్పటికీ పిడికెడు తీసి డబ్బాలో వేస్తా. మొన్న మనవరాలు ఆ డబ్బాలో చెయ్యి పెట్టి నములుతా దొరికిపోయింది. బిక్కమొహం వేసుకొని నన్నే చూస్తా ఉండాది. డబ్బా దాని చేతికిచ్చి, "రేపట్నించి వేసేది నువ్వే బంగారూ" అంటి.