ఎండిన రోజు రాయని ప్యాకెట్

ఒడిశా తీరాన రామయ్యపట్నంలో మా పిన్ని పోలమ్మ నెత్తళ్లనే చిన్న చేపలు ఎండబెట్టి బరంపురం బడా బజార్‌లో అమ్ముతుంది. మార్చి నెలాఖరులో ఫోన్ చేసి తోడు రమ్మంది. బరంపురంలోనే హల్దియాపదర్ వైపు కొత్తగా తెరిచిన సూపర్‌మార్కెట్ వాళ్లు ఆమె సరుకు చూస్తామన్నారట. బజార్లో కొనేవాళ్లు ఏటేటా తగ్గిపోతున్నారు. వీళ్లకు నచ్చితే నెలకో బస్తా పోతుంది, నచ్చకపోతే ఈ ఏడాదితో అమ్మకం ఆపేయాలి. కాగితాలు చదవడానికి నేను.

ఇచ్ఛాపురం దగ్గర మా ఊరి నుంచి తెల్లవారే బయలుదేరితే ఏడున్నరకు రామయ్యపట్నం చేరాను. అక్కడి నుంచి బరంపురానికి షేర్ ఆటోలో గంటకు పైగా పడుతుంది. మనిషికి అరవై తీసుకున్నారు, బస్తాకు వేరే ఇరవై.

"అత్తా, బస్తా మూతి బిగించు. వాసనకి జనాలు దిగిపోతారు" అన్నాడు డ్రైవర్.

"దిగిపోనీరా. కాళ్లు సాపుకుని కూకుంటాను" అంది పిన్ని. ఎవరూ దిగలేదు.

సూపర్‌మార్కెట్ తొమ్మిదిన్నరకు తీశారు. లోపల చలిగా ఉంది. ఒక అరలో ఎండుచేపల ప్యాకెట్లు ఉన్నాయి, పైన ఒడియాలో సుకువా అని రాసి ఉంది. పిన్ని ఒకటి తీసి బొటనవేలితో నొక్కింది. ప్లాస్టిక్ చప్పుడైంది తప్ప చేప తెలియలేదు.

"ఏటి రాసినారు సూడు."

"ప్యాక్ చేసిన రోజు, ఆరు నెలలకు పాడయ్యే రోజు."

"ఎండిన రోజేది?"

తిప్పి తిప్పి చూశాను. అది లేదు.

మేనేజర్ ఒడియా కుర్రాడు, తెలుగు బాగానే వచ్చు. నెత్తల్ని విరిచి వాసన చూసి, "బాగుంది మావుసీ. ఎన్ని నెలలు నిలవుంటుంది?" అన్నాడు.

"వానగాలి తగిలేదాకా ఉంటాది బాబూ."

"అలా కాదు, లెక్క చెప్పాలి. నాలుగు నెలలకు తగ్గితే పైవాళ్లు ఒప్పుకోరు."

"ఎవులు ఏ డబ్బాలో పెడతారో నాకేటి తెలుసు? తడి సెయ్యి పెడితే మర్నాడే పోతాది."

అతను పెన్ను పట్టుకుని ఆగాడు. పిన్ని నావైపు చూసింది.

"ఆరు నెలలు" అన్నాను.

రాసుకున్నాడు. బస్తా అక్కడే ఉంచి బయటికొచ్చాం. తిరుగు ఆటో ఎక్కాక పిన్ని అడిగింది.

"ఆరు నెల్లంటే ఏ నెల్రా?"

"సెప్టెంబరు."

"వానలన్నీ అయిపోతాయి గదా."

"ప్యాకెట్లోకి గాలి చొరబడదు పిన్నీ."

"నువ్వు సూసినావా?"

చూడలేదు.

"బజార్లో అయితే, మెత్తబడిన సరుకు తెచ్చి నా ముందరే పారబోసి తిట్టీవోళ్లు. ఈలు ఎవుల ముందర పారబోస్తారు?"

ఆరు నెలలని ఎందుకన్నానో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను. ఆ మాట అనకపోతే బస్తా వెనక్కొచ్చేది. ప్యాకెట్ నిజంగానే ఆరు నెలలు కాపాడుతుందేమో, పిన్నికి తెలిసింది విడి సరుకు సంగతే కావచ్చు. లేదా అక్కడి మిగతా ప్యాకెట్ల మీద అంకెలు కూడా నాలాంటివాడెవడో పక్కన నిలబడి చెప్పినవే కావచ్చు. పిన్నికి అమ్మకం దొరికింది. ఆమె మాత్రం సంతోషంగా లేదు, నేనూ లేను.

బరంపురం వెళ్లేవాళ్లకు ఒక సూచన. ఎండు నెత్తళ్లు బజార్లో కొంటే ఎప్పుడు ఎండాయో అడిగి, ఒకటి విరిచి చూసి తీసుకోండి. సూపర్‌మార్కెట్‌లో కొంటే, రామయ్యపట్నం ప్యాకెట్ మీద ఆరు నెలలని ఉంటే, ఆ మాట చేపలు ఎండబెట్టిన మనిషిది కాదు, నాది. వానలు పడకముందే వండుకోండి.