ఎలుగుబంటికి మనిషి కావాలి

“మళ్ళీ పస్తు పడుకుంది చూడవే!” అంటూ పెద్దనాన్న టాబ్లెట్‌ను తమ్ముడి కూతురి ముందుకు తోశాడు. తెర మీద, జూ నడిపే ఆటలో, ఎలుగుబంటి గోడవారగా ముడుచుకుని ఉంది.

“దాన్ని చూసే పనివాణ్ణి నువ్వేగా తీసేశావు, పెద్దనాన్నా?”

“వాడి నడకే నాకు నచ్చలేదు. పెళ్ళికొడుకులా ఊగుతూ వస్తాడు. నేనే చూసుకుందామనుకున్నా.”

“ఆటలో నువ్వు యజమానివి. మనుషుల్ని పెట్టాలి గానీ, మేత నువ్వు పెట్టలేవు.”

ఆయన ఉసూరుమన్నాడు. జుట్టు నెరిసేదాకా నిజం జూలో ఎలుగుల్ని సాకిన మనిషి. నడుం విరిగి మంచాన పడ్డాక, కాలక్షేపానికని ఆమే ఈ ఆట నేర్పింది. ఆయన పెంచిన ముసలి ఎలుగు కొత్తవాడి చేతి తిండి ముట్టడం లేదని నిన్ననే కబురొచ్చింది.

ఆమె తెర మీద మరో పనివాణ్ణి పెట్టింది. వాడు బకెట్టు తేగానే ఎలుగు లేచి తింది.

“సిగ్గులేనిది, ఎవడు పెట్టినా తింటుంది. మాది అలా కాదే, ప్రాణం పోయినా మొండిపట్టు వదలదు.”

ఆయన గోడకేసి చెయ్యి చూపాడు.

“ఆ మేకుకున్న ఖాకీ చొక్కా తియ్యి. ఉతక్కు, నా వాసన పోతుంది. రేపు తీసుకెళ్ళి ఆ కొత్తవాడికిచ్చి, అది తొడుక్కుని పెట్టమను.”